పలకవంటి భాష



గత మాసమున గిద్దలూరు ప్రాంతపు పల్లెనుండి ఒక సోదరి వ్రాసిన యుత్తరము నాకు చేరినది. ఆమె పేరును, ఊరును ఇచట వ్రాయను. వ్రాయవలదని ఆమెయే కోరినది. ఉత్తరము చిన్నదే గాని, దానిలోని ప్రశ్న చిన్నది కాదు. మనలో పెక్కుమంది యిండ్లలో నేడో రేపో తలయెత్తవలసిన ప్రశ్నయే యగుటచే, ఈ నెల మన ముచ్చట దానితోడనే గడుపుదమని తలచితిని.

ఆ సోదరి పదవ తరగతివరకు చదివి కాపురమునకు వచ్చినది. ఇంటికి కొద్దిపాటి మెట్టసేద్యమును, ఊరిలో నొక చిన్న అంగడియు ఆధారము. కుమార్తె ఎనిమిదవ తరగతి చదువుచున్నది. హైదరాబాదులో ఉద్యోగము చేయు మేనమామ, తన యింట మూలబడియున్న పాత కంప్యూటరును, దానితోపాటు తాను బడిలో చదువుకొన్న 'బేసిక్' అను కంప్యూటరు భాషాపుస్తకమును సెలవులలో తెచ్చి మేనకోడలి కిచ్చెను. నాటినుండి ఆ పిల్ల బడినుండి రాగానే ఆ యంత్రము నెదుట కూర్చుండి, ఏవో పంక్తులు కొట్టుచు, తుడుచుచు, మరల కొట్టుచు, దీపాలవేళ దాటినను లేవదట.

ఇంటికి వచ్చిన చుట్టములు చూచి నవ్వుచున్నారు. "అరువదియేండ్లనాటి భాష! అది నేర్చిన వారికి ఉద్యోగమెవ్వ డిచ్చును? ఫోనులో లేనిది దీనిలో నేమున్నది? ఆ పెట్టెను పాతసామానుల వానికి వేసిన నాలుగు రూకలైనను వచ్చును" అనుచున్నారట. భర్తయు ఆ మాటకు సుముఖుడే. ఇంటిలో ఎదురాడినది ఒక్క అత్తగారు. ఆ ముసలమ్మ మార్కాపురపు ఆడపడుచు. చిన్నతనమున పలకల కార్ఖానాలో కూలికి పోయినది. ఆమె అరుగుమీదనుండియే, "అది దాని పలకరా అబ్బీ! పలక పగులగొట్టి పిల్లను బడికి పంపుదువా?" అని కుమారు నడిగినదట. ఆ మాటకు పెట్టె అమ్మకము ఆగినది గాని, ఎన్నాళ్లాగునో తెలియదు. ఇక సోదరి నన్నడిగినవి రెండే ప్రశ్నలు: "ఆ భాష నిజముగా పనికిమాలినదియేనా? కాకున్నచో, దానిని నేనును నా బిడ్డ ప్రక్కన కూర్చుండి నేర్వగలనా?"

మొదట ముసలమ్మగారి మాటకే నమస్కరించి ప్రారంభించెదను. కంప్యూటరు నెన్నడు ముట్టని ఆమె, ఆ భాష స్వభావమును ఒక్కమాటలో చెప్పివేసినది.

మార్కాపురపు పలక యన నేమో మన ప్రాంతపు స్త్రీలకు నేను చెప్పనక్కరలేదు. భూమిలో పొరలు పొరలుగా నున్న నల్లరాయిని త్రవ్వి తీసి, ఉలితో పలుచని రేకులుగా విడదీసి, కోసి, నునుపుచేసి, చుట్టును కొయ్యచట్రము బిగించినచో పలక సిద్ధమగును. ఓనమాలు దిద్దుటకు మార్కాపురపు పలక పట్టని తెలుగుబిడ్డ యుండెడివాడు కాడన్న కాలమొకటి గడచినది. కాగితపు పుస్తకములు చౌకయై, తేలికపాటి ప్లాస్టిక్ పలకలు వచ్చిన పిమ్మట ఆ వ్యాపారము తగ్గినది. ఆ రాయి నేడెక్కువగా గోడలకును, నేలలకును పరచు బిళ్లలై దూరదేశములకు పోవుచున్నది. అయినను పలక మనకు నేర్పిన పాఠము మాసిపోలేదు. పలకమీద తప్పు వ్రాసిన సిగ్గులేదు. తడిగుడ్డతో తుడిచిన తప్పు పోవును, పలక మిగులును, బిడ్డ మరల వ్రాయును. వేయిసార్లు తప్పు వ్రాసియే మనమెల్లరము 'అ' నేర్చితిమి.

కంప్యూటరు విద్యకు బేసిక్ భాష అట్టి పలక. ఎట్లో చెప్పెదను.

కంప్యూటరు మిక్కిలి వేగముగా లెక్కచేయు యంత్రము గాని, దానికి స్వబుద్ధి లేదు. చెప్పినది చెప్పినట్లు చేయును, చెప్పనిది చేయదు. క్రొత్తగా వచ్చిన పనిపిల్లతో "అన్నము వండు" అన్న చాలును. మిగిలినది ఆమె యెరుగును. యంత్రముతో నట్లు చెల్లదు. బియ్యమెన్ని గిద్దలో, కడుగుట ఎన్నిసార్లో, ఎసరెంతయో, ఎప్పుడు దింపవలెనో వరుసతప్పక చెప్పవలెను. ఆ వరుసనే 'ప్రోగ్రాము' అందురు. ఆ వరుసను యంత్రమునకు తెలియునట్లు చెప్పుటకు ఏర్పడిన మాటల కట్టుబాటే కంప్యూటరు భాష. అట్టి భాషలు వందలకొలది కలవు. వానిలో క్రొత్తవారికొరకే పుట్టినది బేసిక్. 'బిగినర్స్ ఆల్‌పర్పస్ సింబాలిక్ ఇన్‌స్ట్రక్షన్ కోడ్' అను దీర్ఘనామములోని మొదటి యక్షరములు కలిపి ఆ పేరు పెట్టిరి. ఆ నామములో మొట్టమొదటి మాటయే 'నేర్చుకొన మొదలిడినవారిది' అని యర్థమిచ్చుచున్నది.

ఇక నొక చిన్న లెక్క చూతము. మన పడమటి ఊళ్లలో బావినీటిలో ఫ్లోరైడు దోషముండుటచే, త్రాగుటకు నీటిటిన్నులు కొను ఇండ్లు పెక్కు కలవు. నెలకెంత యగునో ప్రతి గృహిణియు గోడమీద గీతలు గీచి లెక్కించుచుండును. ఆ లెక్కను బేసిక్‌లో ఇట్లు వ్రాయవచ్చును. నిజమునకు ఈ మాటలు ఇంగ్లీషు అక్షరములలో నుండును. చదువరుల సౌకర్యముకొరకు మన లిపిలో వ్రాయుచున్నాను.

10 ఇన్‌పుట్ ట
20 ఇన్‌పుట్ ధ
30 లెట్ మ = ట * ధ
40 ప్రింట్ మ
50 ఎండ్

పిమ్మట 'రన్' అని కొట్టవలెను. రన్ అన 'ఇక నడువుము' అని యాజ్ఞ. యంత్రమొక ప్రశ్నార్థకము చూపి ఆగును. టిన్నులెన్నియని దాని భావము. మీరు 45 అని కొట్టుదురు. మరల ప్రశ్నార్థకము, టిన్ను ధర 15 అని కొట్టుదురు. నక్షత్రపు గుర్తు హెచ్చవేతకు చిహ్నము గనుక, రెప్పపాటులో 675 అని తెరమీద పడును. ఇన్‌పుట్ అన అడిగి తీసికొనుట, లెట్ అన ఒక పేరుగల డబ్బాలో విలువ నుంచుట, ప్రింట్ అన తెరమీద వ్రాసి చూపుట, ఎండ్ అన ముగింపు. చూచితిరా, ఐదు పంక్తులలో ఒక యింటి నీటిపద్దు కుదిరినది!

పంక్తులకు ఒకటి, రెండు అని గాక పది, ఇరువది అని సంఖ్యలేల పెట్టితిమని మీరడుగవచ్చును. నారు నాటునప్పుడు మధ్య ఎడముంచుటవంటిదే యిది. రేపు మనకొక క్రొత్త ఆలోచన తోచినచో, నడుమ దూర్చుటకు చోటుండవలెను గదా! ఖర్చు ఐదువందలు దాటిన హెచ్చరింపవలెనని తోచినదనుకొనుడు. '35 ఇఫ్ మ > 500 దెన్ ప్రింట్ "జాగ్రత్త"' అని కొట్టిన చాలును. యంత్రమే దానిని ముప్పదికిని నలువదికిని నడుమ చేర్చుకొనును. ఏదైన పంక్తి తప్పినచో, అదే సంఖ్య వేసి సరిగా కొట్టినయెడల పాతది పోయి క్రొత్తది నిలుచును. 'లిస్ట్' అనిన వ్రాసినదంతయు చూపును. 'న్యూ' అనిన అంతయు తుడిచివేసి శుభ్రమైన పలకను మన కిచ్చును. 'సేవ్' అని చెప్పి దాచుకొననిచో మాత్రము, కరెంటు పోయిన మరుక్షణమే పలక కడిగినట్లగును. ఈ యొక్క జాగ్రత్త ఆ బాలికకు తల్లి తప్పక నేర్పవలెను.

'ఇఫ్–దెన్' అను జంటమాటలు 'ఇట్లైనచో అట్లు' అని చెప్పును. కంభము చెరువు తూముకడ నిలిచిన కావలివాడు "నీరీ మట్టమునకు వచ్చినచో తూమెత్తుము" అను ఆనతి నెట్లు పాటించునో, యంత్రమును అట్లే పాటించును. 'ఫర్–నెక్స్ట్' అను మరియొక జంట, చెప్పిన పనిని చెప్పినన్నిసార్లు మరల మరల చేయించును. ఆ సోదరి కుమార్తె ఈ జంటతోనే మొదటి వరుసలో నొక చుక్క, రెండవదానిలో రెండు, ఇట్లు ఏడు వరుసలలో ఇరువదియెనిమిది చుక్కలు తెరమీద పెట్టించి, నాయనమ్మను పిలిచి చూపినదట. ముసలమ్మ చూచి, "చుక్కలు పెట్టినావు సరే, కలుపుట ఎప్పుడే?" అన్నదట. ముగ్గుపెట్టు చేతికి ఈ విద్య ఏమంత దూరము కాదనుటకు ఇంతకన్న నిదర్శనమేమి కావలెను?

ఈ భాష పుట్టుక కథయు మనము తెలిసికొనదగినదే. అమెరికాదేశమున న్యూహాంప్‌షైర్ రాష్ట్రములో డార్ట్‌మత్ కళాశాల కలదు. అచటి గణితాచార్యులు జాన్ కెమెనీ, థామస్ కర్ట్జ్ అనువారు దీనిని నిర్మించిరి. కెమెనీ 1926లో హంగరీ రాజధాని బుడాపెస్టున జన్మించి, బాల్యముననే తల్లిదండ్రులతో అమెరికా చేరి, యౌవనమున ఐన్‌స్టైనునకు గణితసహాయకుడుగా పనిచేసిన విద్వాంసుడు. ఆ దినములలో కంప్యూటరన దేవాలయపు గర్భగృహమువంటిది. సామాన్యులకు ప్రవేశము లేదు. లెక్క కావలసినవారు అట్టముక్కలకు రంధ్రములు పొడిపించి, లోపలివారి కిచ్చి, గంటలకొలది, ఒకప్పుడు దినములకొలది కాచుకొనవలెను. ఒక్క గుర్తు తప్పినను మరల మొదటినుండి ఆరంభము. అట్టిచోట తప్పుచేయుట కెవరు సాహసింతురు? తప్పు చేయనిదే యెవరు నేర్తురు?

ఈ ఆచార్యులిద్దరు విజ్ఞానశాస్త్రము చదువువారికే గాక, కావ్యములును చరిత్రయు చదువువారికిగూడ కంప్యూటరు అందవలెనని సంకల్పించిరి. ఒక్క యంత్రమునే పెక్కుమంది ఒకేవేళ వాడుకొను ఏర్పాటును, సులభమైన మాటలు గల భాషను విద్యార్థుల సాయముతోనే సిద్ధపరచిరి. 1964 మే 1వ తేదీ తెల్లవారుజామున నాలుగుగంటలకు బేసిక్ ప్రోగ్రాము మొదటిసారి నడిచెను. దానివలన ధనమార్జింపగోరక ఉచితముగా వ్యాపింపనిచ్చిరి. అందుచేతనే అది బడులకు, తరువాత ఇండ్లకు ప్రాకినది. కెమెనీ 1992లోను, కర్ట్జ్ 2024లోను కాలధర్మము నొందిరి.

ఆ డార్ట్‌మత్ కళాశాల 1972వరకు పురుషుల కళాశాలయై యుండెను. ఆ రోజులలోనే మేరీ కెన్నెత్ కెల్లర్ అను క్రైస్తవ సన్యాసిని 1965లో విస్కాన్సిన్ విశ్వవిద్యాలయమునుండి కంప్యూటరు శాస్త్రమున డాక్టరు పట్టము నొందినది. అమెరికాలో ఆ శాస్త్రమున ఆ పట్టము పొందిన ప్రథమవనిత ఆమెయే. పిదప అయోవా రాష్ట్రమున క్లార్క్ కళాశాలలో కంప్యూటరు శాఖను స్థాపించి, ఇరువదియేండ్లు దానిని నడిపినది. అప్పుడది స్త్రీల కళాశాల. తలుపు తెరువని యింటి ముందర నిలిచి వగచుటకన్న, వేరొక యింటికి తలుపులు పెట్టుట మేలని ఆమె జీవితము చెప్పుచున్నది.

మన దేశమునకు ఈ భాష చిన్నయంత్రములతో కూడి వచ్చినది. 1984–85 సంవత్సరమున కేంద్రప్రభుత్వము బడిపిల్లలకు కంప్యూటరు పరిచయము కలిగింపదలచి 'క్లాస్' అను పథకమును దాదాపు 250 పాఠశాలలలో ప్రారంభించినది. అందు వాడినవి ఇంగ్లాండునందలి ఏకార్న్ అను సంస్థ 1981లో నిర్మించిన 'బి.బి.సి. మైక్రో' యంత్రములు. మీట నొక్కగానే ఆ యంత్రము బేసిక్‌తో తెరచుకొనెడిది. ఒక చిన్నగుర్తు మిణుకుమిణుకుమని 'వ్రాయుము' అని పిలిచెడిది. తనకు తెలియని మాట కొట్టినచో 'మిస్టేక్' అని యొక్కమాట పలికి ఊరకుండెడిది. ఆ మాటలో కోపము లేదు, ఎగతాళి లేదు, నలుగురిలో చెప్పుటయు లేదు.

ఆ యంత్రపు బేసిక్‌ను వ్రాసినది సోఫీ విల్సన్. కొలదియేండ్లకే ఆమెయు సహచరుడు స్టీవ్ ఫర్బరును కలిసి, 'ఆర్మ్' అను క్రొత్త యంత్రహృదయమును రూపొందించిరి. అట్టి చిన్న బిళ్లను 'చిప్పు' అందురు. రాతిమీద చెక్కకముందు శిల్పి సుద్దతో గీత గీచుకొనునట్లు, ఆ చిప్పు నడతను వారు ముందుగా బేసిక్‌లోనే వ్రాసి పరీక్షించి చూచిరి. 1985 ఏప్రిలు 26వ తేదీన మొదటి చిప్పు పనిచేసెను. నేడు లోకమందలి చేతిఫోనులలో దాదాపన్నింటిలోను నున్నది ఆ వంశపు చిప్పే. "ఫోనులో లేనిది బేసిక్‌లో నేమున్నది?" అన్న చుట్టములకు ఆ సోదరి ఇట్లు బదులు చెప్పవచ్చును: "మీ చేతిలోని ఫోను తాత, చిన్ననాడు ఈ పలకమీదనే దిద్దబడినాడు."

ఇక నా సంగతి కొంత చెప్పక తప్పదు. 1994లో నేనొక పట్టణమున కంప్యూటరు నేర్పు కేంద్రమున చేరితిని. పేరు చెప్పను. ఇరువదిమందిమి, అందు ఆడువారము ముగ్గురము. యంత్రములు నాలుగే. బోధించునాయన మగపిల్లలను బేసిక్ తరగతికిని, మమ్ము ముగ్గురను టైపు కొట్టు తరగతికిని పంపెను. నేనును బేసిక్ నేర్తునంటిని. "మీకు లెక్కలెందుకమ్మా, ఉత్తరములు కొట్టుట వచ్చిన చాలును" అని నవ్వెను. అయినను బ్రతిమాలి ఒకనాడు యంత్రము నెదుట కూర్చుంటిని. మూడవ పంక్తిలో తప్పు వచ్చెను. వెనుకనున్నవారు గొల్లుమనిరి. నా చెవులు వేడెక్కినవి. లేచి వచ్చి మరల టైపు తరగతిలో కూర్చుంటిని. మరునాడు బేసిక్ గదివైపు చూడనైనను లేదు.

ఎన్నో యేండ్లకు, మా యింట పిల్లల కంప్యూటరుమీద ఒంటరిగా కూర్చుండి ఆ పాఠమునే మరల ఎత్తుకొంటిని. 'సింటాక్స్ ఎర్రర్ ఇన్ 30' అని యంత్రము చెప్పి, ఆ ముప్పదవ పంక్తినే తెచ్చి నా యెదుట నుంచినది. వాక్యనిర్మాణమున తప్పున్నదని దాని యర్థము. చూతునుగదా, ఒక అక్షరము జారినది. దిద్దితిని. నడిచినది. గదిలో ఎవ్వరును లేరు గనుక ఎవ్వరును నవ్వలేదు. యంత్రము నన్ను తప్పుచేసినదానివనలేదు. ఇచట తప్పున్నదని మాత్రము చెప్పినది. ఈ రెంటికిని గల భేదము తెలియుటకు నాకు ఇన్నేండ్లు పట్టినది. నా బోధకుడును, నా తోడివారును, కడకు నేనును చేయని న్యాయమును ఒక మొండి యంత్రము నాకు చేసినది.

కావున సోదరీ, నీ బిడ్డ కొట్టుచు తుడుచుచు కూర్చుండుట కాలము పాడుచేయుట కాదు. తన తప్పును తానే వెదకి, తానే దిద్దుకొను అభ్యాసమది. ఆడుబిడ్డకు ఆ అభ్యాసము మన యిండ్లలో అరుదుగా దొరకును. తప్పు చేయకముందే మనము ఆమె చేతినుండి పని లాగుకొందుము. చేసిన పిమ్మట పదిమందిలో చెప్పుకొందుము.

అట్లని బేసిక్‌లో దోషములు లేవని చెప్పను. డైక్‌స్ట్రా అను సుప్రసిద్ధ డచ్చి పండితుడు 1975లో ఈ భాషను కఠినముగా నిందించెను. మొదట బేసిక్ నేర్చినవారికి పిదప మంచి పద్ధతి నేర్పుట దుస్సాధ్యమని ఆయన యభిప్రాయము. అందు కొంత సత్యము లేకపోలేదు. 'గోటు' అను మాటతో ప్రోగ్రామును ఇష్టమువచ్చిన పంక్తికి దుమికింపవచ్చును. చిన్న లెక్కలో నది సుఖమే గాని, పంక్తులు నూరు దాటిన పిల్లి ఆడిన నూలుఉండవలె చిక్కుపడును. కాని పలకమీద వంకరగా దిద్దిన బిడ్డ జన్మమంతయు వంకరగానే వ్రాయునా? తరువాత బేసిక్ కూడ దిద్దుబాటు పొందినది. 1991లో వచ్చిన క్యూబేసిక్‌లో పంక్తిసంఖ్యలే అక్కరలేదు. గోటు లేకయే పనులను చక్కగా విభాగించి వ్రాయవచ్చును.

ఉద్యోగము మాటయు నిష్కర్షగా చెప్పెదను. బేసిక్ ఒక్కటి నేర్చినందున నేడు కొలువు దొరకదు. బడులలోను, సంస్థలలోను ఇప్పుడు పైథాన్ మొదలగు భాషల వాడుక హెచ్చినది. నీ కుమార్తె రెండేండ్లలో అటు పోవలసినదే. కాని ఇఫ్, ఫర్ అను మాటలు అచటను అవియే. డబ్బాలో విలువ నుంచుట, షరతు చూచుట, మరల మరల చేయించుట అను మూడు సూత్రములును అవియే. గుణింతము వచ్చినవానికి కాగితము మారిన భయమేమి? పాత బేసిక్‌కు తెలుగు లిపి రాదను కొరతయు నిజమే. కాని ఇంగ్లీషు రాదని వెనుకాడవలదు. ఈ భాష మొదట పుట్టినప్పుడు దానిలోని ఆజ్ఞలు పదునైదింటికి మించవు. పదునైదు ఇంగ్లీషు మాటలు నేర్వలేని గృహిణి నేడెవ్వతె? అంగడి పద్దులో రోజును అంతకన్న ఎక్కువయే వ్రాయుచున్నావు.

ఇక ఫోను. నేను దానికి శత్రువును గాను. దానివలన దూరముననున్న బిడ్డల ముఖములు చూచుచున్నాము, సంతలో ధరలు తెలిసికొనుచున్నాము. కాని ఫోను మనకు వచ్చినప్పటికే ఎవరో నింపిన పుస్తకము. పుటలు త్రిప్పుటయే మన పని. తెరచినతోడనే అది "ఇది చూడుము, అది కొనుము" అనును. బేసిక్ తెర తెరచినతోడనే 'ఓకే' అని యొక్కమాట చెప్పి, నీవేమి చెప్పెదవో యని కాచుకొని యుండును. ఇతరులు వ్రాసినది చదువుట ఎరిగి, తాను వ్రాయుట ఎరుగని చదువు సగము చదువు. మన అవ్వలకు ఆ సగమును దొరకలేదు. మనకు సగము దొరికినది. మన బిడ్డలకు సగముతోనే సరిపెట్టుదమా?

నీ రెండవ ప్రశ్నకు జవాబు ఇప్పటికే నీకు తోచియుండును. నీవు నేర్వగలవు. రోజున కొక అరగంట, రాత్రి భోజనములైన పిమ్మట, నీ బిడ్డ ప్రక్కన పీట వేసికొని కూర్చుండుము. మొదటి వారము ప్రింట్, లెట్. రెండవ వారము ఇన్‌పుట్. మూడవ వారము ఇఫ్. నాలుగవ వారము అంగడి అరువుపద్దు కూడుటకొక ప్రోగ్రామును తల్లీకూతుండ్రిద్దరును కలిసి వ్రాయుడు. ఆమె గురువు, నీవు శిష్యురాలవు. అందులకు చిన్నతనపడకుము. నీవు తప్పు కొట్టినప్పుడు ఆమె నవ్వినచో నీవును నవ్వుము. తల్లి తప్పుచేసి దిద్దుకొనుట చూచిన బిడ్డ, ఇతరులయెదుట తాను తప్పుచేయుటకు జంకదు. పద్దు సరిపోయిన దినమున నీ భర్తను పిలిచి చూపుము. వాదముకన్న కూడిక బలమైనది. పాతసామానుల వాని మాట పిదప ఆయనయే ఎత్తడు.

కడపట, మీ అత్తగారికొక మాట. ఆమె చట్రము బిగించిన పలకలమీద ఎందరి బిడ్డలు అక్షరములు దిద్దిరో ఆమె యెరుగదు. ఆమె స్వయముగా దిద్దుకొన్నదో లేదో నీ ఉత్తరములో లేదు. దిద్దుకొననిచో, ఆ తెరమీద మనుమరాలిచేత ఆమె పేరును ప్రింట్ అను ఆజ్ఞతో వ్రాయించి చూపుడు. ఇంగ్లీషు అక్షరములే యైనను కానిండు. ప్రక్కనే నిజమైన పలకమీద తెలుగున వ్రాసి యిండు. ఆమె రెంటిని పోల్చి ఏమనునో నాకు తప్పక వ్రాయుము.

ఇతర సోదరీమణులలో ఎవరి యిండ్లనైన ఇట్టి పాత యంత్రములు గుడ్డ కప్పి మూలనున్నచో, అమ్మకముందు ఒక్కసారి ధూళి తుడిచి మీట నొక్కి చూడుడు. మీ నీటిపద్దో, పాలపద్దో ఐదు పంక్తులలో కుదిరినచో నాకు తెలుపుడు. కుదరనిచో తప్పిన పంక్తిని వ్రాసి పంపుడు. వచ్చు మాసమున దానిని కలిసి దిద్దుదము.